లోతు సముద్రంలో పుట్టిన రాతిపొరను గుర్తుపట్టడం ఎలా?

కొండ కోసిన చోట ఇసుకరాయి, షేల్ (బురద గట్టిపడి ఏర్పడిన పలకల రాయి), మళ్లీ ఇసుకరాయి, మళ్లీ షేల్ అంటూ పొరలు వరసగా కనబడగానే సుత్తి చేతిలోకి తీసుకోకండి. ముందు నాలుగడుగులు వెనక్కి వేసి చూడండి. ఇసుక పొరల మందం చాలా దూరం దాకా పెద్దగా మారడం లేదా? అలల ఊపుకు ఇసుక మీద పడే ముడతలు గానీ, ఎండకు బురద బీటలు వారిన గుర్తులు గానీ ఎక్కడా లేవా? అయితే లోతు నీళ్లను అనుమానించొచ్చు.

ఇప్పుడు ఒక్క పొరను పట్టుకోండి. భూతద్దం కంటికి ఆనించి అడుగు నుంచి పైకి మెల్లగా చూస్తూ రండి: ముతక ఇసుక, దాని మీద సన్నటి చారలు, ఆపైన చిన్న చిన్న వాలు గీతలు, చివరికి మెత్తటి మట్టి. ఈ వరసను 1962లో భూగర్భ శాస్త్రవేత్త ఆర్నాల్డ్ బౌమా ఐదు భాగాలుగా వివరించాడు. ఐదూ ప్రతి పొరలో దొరకవు, టెన్షన్ పడకండి. సముద్రపు వాలు మీద పేరుకున్న ఇసుకా బురదా ఒక్కసారిగా జారి, నీళ్లతో కలిసి కిందికి పరిగెత్తి, వేగం తగ్గేకొద్దీ ఆ ప్రవాహం బరువైన రేణువుల్ని ముందు వదిలేస్తుంది, అందుకే ఈ వరస. 1929లో కెనడా తూర్పు తీరం దగ్గరి గ్రాండ్ బ్యాంక్స్ భూకంపం తర్వాత సముద్రం అడుగున టెలిగ్రాఫ్ కేబుళ్లు ఒకదాని వెనుక ఒకటి తెగాయి, అవి తెగిన టైముల్ని బట్టే ఆ ప్రవాహం వేగాన్ని లెక్కగట్టారు.

రేణువులు పైకి సన్నబడటం ఒక్కటే చూసి తేల్చేయకండి, తుఫాను పొరల్లోనూ అది ఉంటుంది. నాకు ఎక్కువ నమ్మకం పొర అడుగు మీదే. పడి ఉన్న పలకను తిరగేసి, వెలుతురు ఏటవాలుగా పడేలా పట్టుకుని, అరచేత్తో తడమండి. నాలుక ఆకారంలో బుడిపెలు తగులుతాయి. ప్రవాహం బురదను తొలిచిన గుంటల్లో ఇసుక నిండి గట్టిపడినవే అవి. గుండ్రటి మొన ఎటుందో ప్రవాహం అటు నుంచి వచ్చింది. కొండలోనే ఉన్న పొరకు ఈ బుడిపెలు పైవైపు కనిపిస్తే అది తలకిందులైందన్నమాట.

లోతు సముద్రానికి ఇంకో ఆధారమూ ఉంది. వేళ్ల మందం పొరలుగా, గాజులా పదునుగా విరిగే ఎర్రటి రాయి దొరికితే చాకుతో గీయండి. గీత పడకపోతే, పలుచటి హైడ్రోక్లోరిక్ యాసిడ్ చుక్కకు నురగ రాకపోతే అది చెర్ట్, అంటే సిలికాతో ఏర్పడిన గట్టి రాయి, కావొచ్చు. కళ్లద్దాలు పెట్టుకునే యాసిడ్ వేయండి. తర్వాత రాయిని తడిపి భూతద్దంతో చూడండి, సూదిమొనంత గుండ్రటి చుక్కలు కనిపిస్తే రేడియోలేరియా, అంటే సిలికా గుల్లలుండే సూక్ష్మ సముద్ర జీవుల అవశేషాలు, అయ్యుండొచ్చు; అవి లోతు సముద్రం అడుగున పేరుకునే ఇలాంటి చెర్ట్ ఏర్పడుతుంది.