రెండో కీపర్ బౌలింగ్ కోచ్‌గా మారాలంటే

బెంగళూరు క్లబ్ క్రికెట్‌లో దాదాపు ప్రతి జట్టుకూ ఒక రెండో కీపర్ ఉంటాడు. మొదటి కీపర్‌కు వేలు విరిగితేనో, ఇంట్లో పెళ్ళి పడితేనో తప్ప అతనికి మ్యాచ్ దొరకదు. మిగిలిన రోజుల్లో నెట్స్‌లో వికెట్ల వెనుక నిలబడి చీకటి పడేదాకా బంతులు అందుకుంటూ ఉంటాడు. హిందూపురం నుంచి వచ్చి ఈ నగరంలో పదకొండు సీజన్లు నేను చేసిన పని ఇదే. ఇప్పుడు పిల్లలకు బౌలింగ్ నేర్పుతున్నాను. అనంతపురం, చిత్తూరు వైపు నుంచి వచ్చిన కుర్ర కీపర్లు అప్పుడప్పుడు "అన్నా, మాకు తుది జట్టులో చోటు రాదని తేలిపోయింది, ఇక ఏం చేయమంటారు?" అని అడుగుతుంటారు. వారికి చెప్పే మాటలే ఇక్కడ రాస్తున్నాను.

ముందుగా ఎదురయ్యే ప్రశ్న, ఎన్నడూ బౌలింగ్ చేయనివాడు బౌలర్‌కు ఏం నేర్పుతాడన్నది. దీనికి బేస్‌బాల్ ఎప్పుడో సమాధానం చెప్పింది. ఆ ఆటలో క్యాచర్ మన కీపర్‌కు అన్న లాంటివాడు. ఏ బంతి వేయాలో పిచర్‌కు, అంటే బంతి విసిరేవాడికి, సైగ చేసేది కూడా అతనే. డేవ్ డంకన్ అనే క్యాచర్ 1972లో వరల్డ్ సిరీస్ (అమెరికా మేజర్ లీగ్ బేస్‌బాల్ తుది పోరు) గెలిచిన ఓక్లండ్ జట్టులో ఉన్నాడు గానీ, ఆ సిరీస్‌లో ఎక్కువ ఆటలకు క్యాచర్ పని జీన్ టెనాస్‌కే దక్కింది. డంకన్ బ్యాటింగ్ సగటు 0.214 మాత్రమే, అంటే వెయ్యి ప్రయత్నాలకు 214 హిట్లు. మేజర్ లీగ్‌లో ఒక్క బంతి కూడా పిచ్ చేయని ఆ మనిషి తర్వాత మూడు దశాబ్దాలకు పైగా పిచింగ్ కోచ్‌గా పనిచేశాడు. అతని చేతి కింద 1983లో లమార్ హోయిట్, 1990లో బాబ్ వెల్చ్, 1992లో డెనిస్ ఎకర్స్‌లీ, 2005లో క్రిస్ కార్పెంటర్ ఉత్తమ పిచర్‌కు ఇచ్చే సై యంగ్ పురస్కారం అందుకున్నారు. ఏ బ్యాటర్ ఏ బంతిని ఎటు కొట్టాడో పట్టికలు గీసి దాచుకోవడంలో అతనికి పెద్ద పేరుంది.

కాబట్టి మొదటి పని నోటుపుస్తకం. దీన్ని ఆట మానేశాక కాదు, బెంచీ మీద కూర్చున్న ఈ రోజుల్లోనే మొదలుపెట్టాలి. వికెట్లు, పరుగులు స్కోరర్ ఎలాగూ రాస్తాడు. స్కోరర్‌కు కనిపించనిదే మీరు రాయాలి. వేగంగా వేసేవాడికి వెనక్కి నిలబడినప్పుడు, బంతి ఎగసి కిందికి దిగడం మొదలుపెట్టే చోట నడుము ఎత్తులో అందేలా కీపర్ తన దూరం నిర్ణయించుకుంటాడు. నాలుగో ఓవర్‌కు మీకు తెలియకుండానే ఒక అడుగు ముందుకు జరిగారంటే, పిచ్ మారనప్పుడు, బౌలర్ అలసిపోతున్నాడని అర్థం. వేగాన్ని కొలిచే యంత్రం లేని మైదానంలో మీ పాదాలే ఆ యంత్రం. ఓవర్ సంఖ్య, మీరు నిలబడిన చోటు, బంతి విడిచేటప్పుడు సీమ్ (బంతి మీది కుట్టు) నిటారుగా ఉందా ఊగిందా, బ్యాటర్‌ను దాటాక ఎటు వంగింది, అరచేతిలో బరువుగా పడిందా తేలికగా పడిందా అన్నవి రాయండి. మ్యాట్ (పరిచిన చాప) మీద ఆడారా టర్ఫ్ (సహజమైన పిచ్) మీద ఆడారా అన్నది తప్పక రాయండి, ఎందుకంటే ఆ రెండింటి బౌన్స్‌ను పోల్చడం దండగ. స్పిన్నర్ అయితే మణికట్టు ఎటు తిరిగిందో రాసి, ఆ బంతి నిజంగా ఎటు తిరిగిందో పక్కనే రాసుకోవాలి. రెండు సీజన్లు ఇలా రాస్తే, ఏ బౌలర్ ఎన్నో ఓవర్‌లో, ఎందువల్ల గాడి తప్పుతాడో అతని కన్నా మీకే బాగా తెలుస్తుంది.

వెనుక నిలబడి చూసిన చూపు వృథా పోదనడానికి మన దగ్గరా ఉదాహరణ ఉంది. మద్రాసులో పుట్టి కర్ణాటక తరఫున ఆడిన భారత కీపర్ సయ్యద్ కిర్మాణీ 1971, 1974 ఇంగ్లండ్ పర్యటనలకు ఫరూఖ్ ఇంజనీర్ వెనుక అదనపు కీపర్‌గానే వెళ్ళాడు. 1976లో ఆక్లండ్‌లో తొలి టెస్టు ఆడినప్పుడు, స్పిన్నర్ ప్రసన్న 76 పరుగులకు 8 వికెట్లు తీసిన ఆ మ్యాచ్‌లో, ప్రసన్న చేయి గానీ మరో స్పిన్నర్ చంద్రశేఖర్ మణికట్టు గానీ అతనికి కొత్త కావు. రాష్ట్ర జట్టులో వారికి కీపింగ్ చేసి ఉన్నాడు.

రెండో పని మాట్లాడటం నేర్చుకోవడం, ఇదే నాకు అన్నిటికన్నా కష్టమైంది. మొదటి ఏడాది ఒక కుర్రాడికి ఒకే సాయంత్రం రనప్ (పరుగెత్తుకొచ్చే తీరు), మణికట్టు, ఫాలో త్రూ (బంతి విడిచాక ఒళ్ళు కదిలే తీరు) అన్నీ సరిదిద్దబోయాను; రెండు వారాల పాటు అతడు క్రీజు ఎక్కడుందో మరచిపోయినవాడిలా నోబాల్స్ వేశాడు. ఆ తర్వాత ఒక రోజుకు ఒకే మాట అని నియమం పెట్టుకున్నాను. "అన్నా, నా చేతికి ఏమైంది?" అని బౌలర్ అడిగితే "చేతికి కాదురా, కాలికి. ముందు కాలు నిన్నటికన్నా జానెడు పక్కన పడుతోంది" అని చెప్పి ఊరుకోవాలి. మిగతాది పుస్తకంలో ఉంటుంది, ఎక్కడికీ పోదు.

కీపర్ చూపుకు ఒక లోపం ఉంది: అతడు బౌలర్‌ను ఎప్పుడూ ఎదురుగానే చూశాడు. నడుము ఒకవైపు, భుజాలు మరోవైపు తిరిగే మిశ్రమ యాక్షన్ వల్ల కుర్ర ఫాస్ట్ బౌలర్ల వెన్నెముక దిగువ ఎముకల్లో పగుళ్ళు వచ్చే ప్రమాదం ఎక్కువ; అది పక్క నుంచి, పై నుంచి చూస్తేనే బాగా తెలుస్తుంది. బౌలర్‌కు పక్కగా ఫోన్ పెట్టి స్లో మోషన్‌లో చిత్రీకరించి, ఒక ఫిజియో పక్కన కూర్చుని చూడటం అలవాటు చేసుకోండి. మోచేయి వంపు విషయంలో మాత్రం తీర్పు చెప్పకండి. బంతి వేసేటప్పుడు వంగిన మోచేయి నిటారు కావడానికి ఐసీసీ అనుమతించే 15 డిగ్రీలను కంటితో కొలవలేము.

ఓవర్ల లెక్క కూడా కోచ్ బాధ్యతే. అమెరికాలో బేస్‌బాల్ పిల్లల కోసం ఉన్న పిచ్ స్మార్ట్ మార్గదర్శకాలు 11, 12 ఏళ్ళ పిల్లలకు రోజుకు 85 పిచ్‌లకు (విసిరే బంతులకు) మించవద్దంటాయి; ఇంగ్లండ్ బోర్డు 13 ఏళ్ళ లోపు ఫాస్ట్ బౌలర్లకు ఒక స్పెల్‌కు (ఒక విడతకు) 5 ఓవర్లు, రోజుకు 10 ఓవర్లు అని గీత గీసింది. పొద్దున పాఠశాల, సాయంత్రం అకాడమీ, ఆదివారం టెన్నిస్ బంతి టోర్నీ ఆడే పిల్లవాడి విషయంలో ఈ మూడింటినీ కూడి లెక్క వేసేవారు సాధారణంగా ఎవరూ ఉండరు, ఆ పని మీరే తలకెత్తుకోవాలి.

సర్టిఫికెట్ల సంగతి క్లుప్తంగా: బీసీసీఐ కోచింగ్ లెవెల్స్‌లో మొదటిదానికి ఎలా దరఖాస్తు చేయాలో రాష్ట్ర సంఘాన్ని అడిగి, ఆడుతున్నప్పుడే ప్రయత్నం మొదలుపెట్టండి. ఉద్యోగం మాత్రం జాగ్రత్తగా చూసుకోవాలి. ఒక అకాడమీ నన్ను బౌలింగ్ కోచ్ అని చేర్చుకుని, కీపర్‌ను కదా అని ఏడాదంతా క్యాచ్‌లు పట్టించే పనే అప్పగించింది. ఏ పని చేస్తారో చేరేముందే కాగితం మీద రాయించుకోండి.

మీరూ రోజూ రెండు ఓవర్లు వేయండి, ఎంత చెత్తగా వేసినా సరే. మీ పిక్క పట్టేస్తే గానీ పిల్లవాడి అలసట మీకు అర్థం కాదు. గ్లవ్స్ మాత్రం అమ్మేయకండి. కొత్త బౌలర్ వచ్చిన మొదటి రోజు ఒక్క ప్రశ్న కూడా వేయకుండా గ్లవ్స్ తొడుక్కుని అతనికి పన్నెండు బంతులు కీపింగ్ చేసి, ఆ తర్వాత పుస్తకం తెరవండి.