టెండరు పాఠాలు – 5: ఏ లోపం వదిలెయ్యొచ్చు, ఏది కూడదు

పోయిన పాఠంలో నోటీసు ఎలా రాయాలో చూశాం. ఇప్పుడు టెక్నికల్ బిడ్లు (ధర కాకుండా అర్హత కాగితాలుండే భాగం) తెరిచాక మొదలయ్యే తలనొప్పి సంగతి. ప్రతి బిడ్డులోనూ ఏదో ఒక కాగితం తక్కువే ఉంటుంది. అన్నిటికీ కొర్రీ వేస్తే పోటీ మిగలదు. అన్నీ చూసీచూడనట్టు వదిలేస్తే నోటీసు రాసి ప్రయోజనం లేదు.

లెక్కకు ఒక పని అనుకుందాం. విజయనగరం జిల్లా బొండపల్లిలో హైస్కూలు ప్రహరీ, అంచనా 40 లక్షలు. గత ఐదేళ్లలో ఏదో ఒక ఏడాది 20 లక్షల విలువైన ఇలాంటి పని చేసుండాలని షరతు. రాజాం కంట్రాక్టరు సర్టిఫికెట్టులో 19.40 లక్షలే ఉంది. చీపురుపల్లి ఆయన జీఎస్టీ రిజిస్ట్రేషన్ కాగితం అప్‌లోడ్ చెయ్యడం మరిచాడు.

"అరవై వేలే కదండీ తక్కువ, రాజాం ఆయన పనిమంతుడు" అని ఆఫీసులో ఎవరో ఒకరు అననే అంటారు. పనిమంతుడే కావచ్చు. కానీ గరివిడిలో 19 లక్షల పని చేసినవాడు ఒకడున్నాడనుకోండి. నోటీసు చదివి, తనకు అర్హత లేదని ఈఎండీ (బిడ్డుతో కట్టే ధరావతు) కట్టకుండా ఊరుకున్నాడు. రాజాం ఆయనకు సడలిస్తే అన్యాయమయ్యేది ఇతనికి. మీరు బిడ్లన్నీ పోల్చి రాసే కంపారిటివ్ స్టేట్‌మెంటులో పేరుండదు కాబట్టి ఇతను ఎవరికీ గుర్తురాడు. అందుకే లోపం కనబడగానే మొదట అడగాల్సింది: ఈ సడలింపు సంగతి ముందే తెలిస్తే ఇంకెవరైనా టెండరు వేసేవారా? వేసేవారనిపిస్తే వదిలెయ్యకూడదు.

1979లో రమణ దయారాం శెట్టి కేసులో సుప్రీంకోర్టు ముందుకొచ్చింది ఇలాంటి తగాదాయే. బొంబాయి విమానాశ్రయంలో రెస్టారెంటుకి ఐదేళ్ల అనుభవమున్న రెండో తరగతి రిజిస్టర్డ్ హోటలు వాళ్లే రావాలని నోటీసిచ్చి, ఆ అర్హత లేనివారికి ఇచ్చారు. తాను పెట్టిన ప్రమాణానికి నోటీసిచ్చిన విమానాశ్రయ సంస్థ తానే కట్టుబడాలంది కోర్టు. అయినా కంట్రాక్టు రద్దు చెయ్యలేదు. పిటిషనరు ఐదు నెలలకు పైగా ఆలస్యం చెయ్యడం అందుకు ఒక కారణం. కంట్రాక్టర్లెవరైనా ఈ పాఠం చదువుతుంటే ఈ ముక్క కింద గీత గీసుకోండి.

రెండో వైపు 1991 నాటి పొద్దార్ స్టీల్ కేసుంది. వారణాసి డీజిల్ లోకోమోటివ్ వర్క్స్ ఈఎండీని నగదుగా గానీ స్టేట్ బ్యాంకు డీడీగా గానీ అడిగితే, బిడ్డరు యూనియన్ బ్యాంకు ధ్రువీకరించిన చెక్కు పెట్టాడు. డబ్బుకు ఢోకా లేదు కనుక అది అనుబంధ షరతే (అర్హతను తేల్చే ముఖ్య షరతు కాదు), సడలించవచ్చని తీర్పు.

చీపురుపల్లి ఆయనది ఈ కోవే. టెండరు తెరిచేనాటికే ఉండి, ఆ తర్వాత మారని పాత కాగితాలనే అడగొచ్చని కేంద్ర ఆర్థిక శాఖ 2017 కొనుగోళ్ల మాన్యువల్ చెప్పింది. అడిగితే అదే లోపమున్న అందరినీ ఒకేరోజు, ఒకే గడువు పెట్టి, రాతలో అడగండి. "ఆ కాగితం పంపెయ్ బాబూ" అని ఒక్కడికే ఫోను చేశారో, రెండోవాడి ఫిర్యాదుకు సాక్ష్యం మీరే సమకూర్చినట్టు.

ఇవన్నీ ప్రైస్ బిడ్ (ధర రాసిన భాగం) తెరవకముందే తేల్చి సంతకాలు పెట్టండి. అంచనా మీద పన్నెండు శాతం లెస్ (తక్కువ ధర) కనబడ్డాక అరవై వేల లోటు ఎవరి కంటికీ ఆనదు.

అభ్యాసం: అదే పనికి శ్రీకాకుళం నుంచి ఇంకో బిడ్డు వచ్చింది. 22 లక్షల పని కిందటేడే పూర్తయింది గానీ, బిడ్డుతో అగ్రిమెంటు నకలే పెట్టాడు. మీరు అడిగాక సర్టిఫికెట్టు తెచ్చాడు. దానిమీద ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు) సంతకం బిడ్ గడువు దాటిన రెండు రోజులకు ఉంది. తీసుకుంటారా? కారణంతో రెండు వాక్యాల్లో రాయండి. జవాబు ఆరో పాఠంలో.