ఆట మానేశాక కోచ్ కావడం ఎలా? అనంతపురం గ్రౌండుకు ఐస్ హాకీ నేర్పిన సంగతులు

కెనడాలో రాత్రి ఏడింటికి మొదలయ్యే ఐస్ హాకీ మ్యాచ్ మనకు చలికాలంలో తెల్లవారుజామున ఐదున్నరకు వస్తుంది. నేను ఫోన్‌లో కాసేపు చూసి, స్టిక్కుల సంచి బండికి కట్టుకుని గ్రౌండుకు బయల్దేరతాను. ఏప్రిల్ వచ్చిందంటే పొద్దున పదింటికే నేల పెనంలా కాలే ఊరు మాది. ఈ ఊర్లో మంచు మీద ఆడే ఆట ఎందుకని మా ఇంట్లో నవ్వుతారు. నేను చూసేది ఆటను కాదు, బెంచీ వెనక సూటు వేసుకుని నిలబడే మనిషిని, అంటే కోచ్‌ని. వాళ్లలో చాలామంది ఒకప్పుడు ఆ మంచు మీదే ఆడినవాళ్లు.

నేను ఆడింది మన మామూలు హాకీయే, యూనివర్సిటీ జట్టు దాకా. మోకాలు పోయాక కోచింగ్‌లోకి వచ్చాను. మొదటి ఏడాది ఘోరంగా సాగింది. బంతిని ఎలా ఆపాలో చేసి చూపించి "ఇంతే, చెయ్యండి" అనేవాణ్ణి. పిల్లలు బిత్తరచూపులు చూసేవాళ్లు. నాకు అలవాటైపోయిన పనిలో ఎన్ని చిన్న పనులు దాగి ఉన్నాయో నాకే తెలియదు. మన చెయ్యి చేసే పనిని మాటల్లోకి విడగొట్టి చెప్పలేకపోతే ఎంత ఆడినా కోచింగ్ రాదు. అందుకే కింద చెప్పేవన్నీ ఆ ఒక్క పని చుట్టూనే తిరుగుతాయి.

ముందు ఒకరి పక్కన నిలబడండి

వేన్ గ్రెట్జ్‌కీ పేరు వినే ఉంటారు. అమెరికా, కెనడా నగరాల జట్లు ఆడే ఎన్‌హెచ్ఎల్ ఐస్ హాకీ లీగ్‌లో 894 గోల్స్ కొట్టాడు. 2025లో అలెక్స్ ఒవెచ్కిన్ అనే ఆటగాడు దాటేదాకా అదే రికార్డు. ఆయన 2005లో నేరుగా ఫీనిక్స్ జట్టుకు హెడ్ కోచ్ అయ్యాడు. నాలుగు సీజన్లు చేశాడు. ఒక్కసారి కూడా జట్టు ప్లేఆఫ్స్‌కు, అంటే కప్పు కోసం ఆడే చివరి దశకు, పోలేదు.

రాడ్ బ్రిండమోర్ దారి వేరు. 1,484 మ్యాచ్‌లు ఆడి, 2006లో కెప్టెన్‌గా కరోలినా జట్టుకు ఆ లీగ్ విజేతకిచ్చే స్టాన్లీ కప్ తెచ్చి, 2010లో ఆట మానేశాడు. మరుసటి ఏడాది అదే జట్టులో అసిస్టెంట్ కోచ్‌గా చేరాడు. ఏడేళ్లు ఆ పనిలోనే ఉండి, 2018లో హెడ్ కోచ్ అయ్యాడు. 2021లో లీగ్‌లో ఉత్తమ కోచ్ అవార్డు ఆయనకే వచ్చింది.

"మరి మన హాకీ జట్టు శ్రీజేశ్ నేరుగానే కోచింగ్‌లోకి వచ్చాడు కదా?" అని అడుగుతారు. నిజమే, 2024 పారిస్ ఒలింపిక్స్ కాంస్యం తర్వాత వెంటనే భారత జూనియర్ జట్టు కోచ్‌గా పగ్గాలు తీసుకున్నాడు. కానీ ఆయన గోల్‌కీపర్. గోల్‌కీపర్‌కు మైదానమంతా కళ్లముందే ఉంటుంది, మ్యాచ్ మొత్తం అరిచి చెబుతూనే ఉంటాడు. అది సగం కోచింగే అని నా లెక్క. మనలాంటి హాఫ్ బ్యాక్‌లకు, ఫార్వర్డ్‌లకు ఆ సౌకర్యం లేదు.

కాబట్టి మీ ఊర్లో ఇప్పటికే పిల్లలకు నేర్పిస్తున్న సార్ దగ్గరికి వెళ్లి, ఒక ఏడాది అసిస్టెంటుగా ఉంటానని అడగండి. అనంతపురంలో ఆర్డీటీ అనే స్వచ్ఛంద సంస్థ స్పోర్ట్స్ విలేజ్ ఉంది, కడపలో ప్రభుత్వ క్రీడా పాఠశాల ఉంది. అవి దూరమైతే ఏదో ఒక హైస్కూల్లో పీఈటీ సార్ ఉండనే ఉంటారు. జీతం అడగొద్దు. బంతులు మోయండి, కోన్లు పెట్టండి, సార్ ఏ పిల్లాడికి ఏం చెబుతున్నారో చెవిన వేసుకోండి.

ఒకే ఒక్కదాన్ని లెక్కపెట్టండి

మ్యాచ్ చూసేటప్పుడు రెండు రూపాయల పెన్ను, ఒక చిన్న నోట్‌బుక్కు చాలు. అన్నీ రాయబోతే ఏదీ కనబడదు. ఒక క్వార్టర్‌లో, అంటే పదిహేను నిమిషాల్లో, మన జట్టు ఎన్నిసార్లు 'డీ'లోకి, అంటే గోల్ ముందు గీసే అర్ధవృత్తంలోకి, బంతి తీసుకుపోయింది, ఎటువైపు నుంచి పోయింది అని మాత్రం గీతలు పెట్టండి. తర్వాతి మ్యాచ్‌లో మన జట్టు బంతి పోగొట్టుకున్న చోట్లు. ఆ తర్వాత పెనాల్టీ కార్నర్లు ఎందుకు వచ్చాయి అన్నది. పది మ్యాచ్‌లయ్యేసరికి మీ కన్ను బంతి వెంట పరిగెత్తడం మానేస్తుంది. ఆడేవాడి కన్ను బంతి మీదే ఉంటుంది. కోచ్ కన్ను బంతి లేనిచోట ఉండాలి.

కాగితాలు కూడా కావాలి

హాకీ ఇండియా కోచ్‌ల కోర్సులు బేసిక్ స్థాయితో మొదలవుతాయి, పైన అంతర్జాతీయ సమాఖ్య కోర్సులున్నాయి. పటియాలాలోని జాతీయ క్రీడా సంస్థ (ఎన్ఐఎస్) ఇచ్చే కోచింగ్ డిప్లొమాకు విలువ ఎక్కువ. ఏడాది కోర్సు అది. అంత తీరిక లేనివాళ్లకు ఆరువారాల సర్టిఫికెట్ కోర్సు ఉంది. అర్హతలు మారుతుంటాయి కాబట్టి ఆ ఏటి ప్రకటన చూసుకునే దరఖాస్తు చెయ్యండి. ప్రభుత్వ బడిలో పీఈటీ కావాలంటే దారి వేరు: పీఈసెట్ ప్రవేశపరీక్ష రాసి, వ్యాయామ విద్యలో డిగ్రీ (బీపీఈడీ) లేదా డిప్లొమా (యూజీడీపీఈడీ) చేసి, టీచర్ పోస్టుల డీఎస్సీ కోసం ఎదురుచూడాలి. ఈ రెండింటినీ కలిపి గందరగోళపడేవాళ్లను చాలామందిని చూశాను.

మొదటి వారం ఏం నేర్పించాలి

అసలు కష్టం ఇక్కడ. పన్నెండు మంది పిల్లలు, ఆరు స్టిక్కులు, మూడు బంతులు, గులకరాళ్ల గ్రౌండు. ఇదీ మన వాస్తవం. ముందు అందరినీ వెంటబెట్టుకుని రాళ్లు ఏరించండి. బంతి ఎగరడం తగ్గుతుంది, పిల్లలకు ఒళ్లూ వేడెక్కుతుంది. తర్వాత ఇద్దరికో స్టిక్కు చొప్పున ఇవ్వండి. ఒకరు ఆడుతుంటే రెండోవాడు తన జతగాడి ఎడమ చెయ్యి ఎక్కడుందో చూసి చెప్పాలి. ఎడమ చెయ్యి స్టిక్కు కొనన, కుడి చెయ్యి కింద. ఈ ఒక్క మాట పిల్లవాడి నోటినుంచే రావాలి. మీరు చెప్తే వింటాడు, వాడు చెప్తే నేర్చుకుంటాడు.

బంతి ఆపడం నేర్పేటప్పుడు దాన్ని మూడు ముక్కలు చెయ్యండి: మోకాళ్లు వంచడం, స్టిక్కు ముందే నేలకు ఆనించడం, తగిలే క్షణంలో చేతులు కాస్త మెత్తబెట్టడం. రోజుకో ముక్క. మూడూ ఒకేరోజు చెప్పాలని నాలుక దురద పెడుతుంది, ఆపుకోండి. సెషన్ గంటకు మించొద్దు. ఎండాకాలం ఐదున్నరకు మొదలుపెట్టి ఆరున్నరకల్లా ముగించండి. నీళ్ల కోసం ఆపడం పిల్లలకు వదిలెయ్యొద్దు, పదిహేను నిమిషాలకోసారి మీరే ఆపండి.

బెంచీ నడపడం

ఐస్ హాకీని చూసి నేను నేరుగా తెచ్చుకున్నది ఇదే. అక్కడ మంచు మీద ఒక్కో జట్టుకు గోల్‌కీపర్‌తో కలిపి ఆరుగురే ఉంటారు. గోల్‌కీపర్ తప్ప ఒక్కొక్కరు దాదాపు ముప్పావు నిమిషం ప్రాణం పెట్టి ఆడి బెంచీకి వచ్చేస్తారు, ఆట ఆగకుండానే ఇంకొకరు దిగుతారు. మన హాకీలోనూ ఎన్నిసార్లయినా మార్చుకోవచ్చు. అయినా మన జిల్లా మ్యాచ్‌ల్లో బాగా ఆడేవాణ్ణి చివరిదాకా ఉంచి, వాడు నాలుగో క్వార్టర్‌లో నడుస్తుంటే తిడతారు.

మ్యాచ్‌కు ముందే కాగితం మీద రాసుకోండి: ఎవరి బదులు ఎవరు, ఎన్నో నిమిషంలో. బయటికి వచ్చినవాడికి మొదట నీళ్లు, తర్వాత ఒకే ఒక్క మాట. "నువ్వు ఎందుకు పాస్ ఇయ్యలేదు?" అన్నది మాట కాదు, తిట్టు. "ఈసారి బంతి రాకముందే కుడివైపు చూడు" అన్నది మాట.

తల్లిదండ్రులతో

జట్టులో పేరు లేని పిల్లవాడి నాన్న గేటు దగ్గరే పట్టుకుంటాడు. "ఏం సార్, మావోణ్ణి ఎందుకు తీసేస్తిరి?" ఇక్కడ నోట్‌బుక్కు పనికొస్తుంది. వచ్చిన రోజులు, బాగుపడినవి, ఇంకా రాని పని ఒకటి, తారీఖులతో చూపించండి. "ఇది వస్తే వచ్చే నెల చూద్దాం అన్నా" అనండి. జట్టు పేర్లు గోడకు అంటించకముందే పిల్లవాడికి విడిగా చెప్పండి. నేనొకసారి అంటించేశాను. ఆ పిల్లవాడు మళ్లీ రాలేదు.

డబ్బు సంగతి సూటిగా చెబుతాను: మొదటి రెండేళ్లు దీంతో ఇల్లు గడవదు. చేస్తున్న పని వదలకండి, పొద్దున సెషన్ పెట్టుకోండి.

ఇక నిజంగా మంచు మీదే ఆడాలన్నవాళ్లు లద్దాఖ్ వైపు చూడాలి. మన దేశపు ఐస్ హాకీ ఆటగాళ్లలో ఎక్కువమంది అక్కడివాళ్లే, 2025లో ఆసియా కప్ కాంస్యం గెలిచిన అమ్మాయిల జట్టులోనూ అంతే.

ఆరు నెలలయ్యాక ఒక పరీక్ష పెట్టుకోండి. ముందుగా చెప్పకుండా, తోడుగా చేసే పెద్ద కుర్రాణ్ణి గ్రౌండులో ఉంచి, ఒకరోజు పది నిమిషాలు ఆలస్యంగా పోండి. వేపచెట్టు చాటున బండి ఆపి చూడండి. పిల్లలు రాళ్లు ఏరి, జతలుగా విడిపోయి, ఒకడి ఎడమ చెయ్యి ఇంకొకడు సరిచేస్తూ ఉంటే, ఆ రోజు ఇంకో ఐదు నిమిషాలు అక్కడే ఉండండి. గోల్‌పోస్టుకు ఆనుకుని కూర్చుని గేటు వైపు చూస్తుంటే, మళ్లీ ఎడమ చెయ్యి దగ్గర్నుంచి మొదలుపెట్టండి.