బయోఎథిక్స్‌లో పీహెచ్‌డీ, ఉద్యోగం: ఎక్కడ మొదలుపెట్టాలి?

‘అసిస్టెంట్ ప్రొఫెసర్, బయోఎథిక్స్’ అనే పోస్టు కోసం మన యూనివర్సిటీల నోటిఫికేషన్లు వెతుకుతూ కూర్చోకండి. దాదాపు కనపడదు. లెక్చరర్ ఉద్యోగాలకు అర్హత పరీక్ష అయిన యూజీసీ నెట్‌లో ఆ పేరుతో సబ్జెక్టే లేదు. అయినా వైద్యంలో, వైద్య పరిశోధనలో ఏది తప్పు, ఏది ఒప్పు అని తరచి చూసే ఈ పని చేసుకుంటూ బతుకుతున్నవాళ్లం ఉన్నాం. ఒకరు ఫార్మకాలజీ నుంచి, ఒకరు లా నుంచి, ఒకరు ఫిలాసఫీ నుంచి, నేను సోషియాలజీ నుంచి వచ్చాం. బయోఎథిక్స్ మాకు మెట్టినిల్లు. జీతం, ప్రమోషన్, సర్వీసు రిజిస్టరు అన్నీ పుట్టింటి పేరు మీదే నడుస్తాయి.

కాబట్టి ముందు ఆ పుట్టిల్లేదో తేల్చుకోండి. మీరు డాక్టరైతే కమ్యూనిటీ మెడిసిన్, ఫార్మకాలజీ, ఫోరెన్సిక్ మెడిసిన్‌లలో ఒకదాంట్లో ఎండీ చేయండి. 2019 బ్యాచ్ నుంచి ఎంబీబీఎస్‌లో ‘ఎట్‌కామ్’ పేరుతో వైద్య నైతికత, రోగితో మాట్లాడే తీరు తప్పనిసరి పాఠాలయ్యాయి. వాటిని ఇష్టంగా చెప్పేవాళ్లు తక్కువ, కాబట్టి అడిగితే వస్తాయి. డాక్టరు కాకపోతే సోషియాలజీ, లా, సోషల్ వర్క్, ఫిలాసఫీ ఉన్నాయి. నెట్ రాయండి, పరిశోధనకు నెలనెలా డబ్బిచ్చే జేఆర్‌ఎఫ్ ఫెలోషిప్ కొట్టడానికి గట్టిగా ప్రయత్నించండి. ఫిలాసఫీ మీద ప్రేమ ఉంటే వెళ్లండి, నేను ఆపను. కానీ రెండు రాష్ట్రాల్లో కలిపి ఆ సబ్జెక్టులో పోస్టులు ఎన్ని పడుతున్నాయో చూసుకుని వెళ్లండి.

నేను వరంగల్‌లో బీఫార్మసీ చదివి, హైదరాబాద్‌లో మందుల పరీక్షలు చేసే ఒక కంపెనీలో చేరాను. ఆరోగ్యంగా ఉన్నవాళ్లకు మాత్ర వేసి, గంటల లెక్కన రక్తం తీసే స్టడీలవి. వాళ్ల అంగీకారం తీసుకునే కన్సెంట్ ఫారం చదివి వినిపించడం నా పని. సగం చదివేలోపే “ఎక్కడ సంతకం పెట్టాలమ్మా?” అనేవారు. ఆ తొందర ఎందుకో ఫార్మసీ పుస్తకాలు చెప్పలేదు. అందుకే ఎంఏ సోషియాలజీకి వెళ్లాను. మీకు కూడా అలా కదలనివ్వని ప్రశ్న ఒకటి ఉంటే, ఏ సబ్జెక్టులో చేరాలో అదే చెబుతుంది.

డిప్లొమాల సంగతి అందరూ అడుగుతారు. మంగళూరులోని యెనెపోయ యూనివర్సిటీలో బయోఎథిక్స్ పీజీ డిప్లొమా ఉంది. అలాంటివి పరిచయాలకు, పునాదికి మంచివే. వాటితోనే ఉద్యోగం వస్తుందనుకోవద్దు. అమెరికాలో పరిస్థితి వేరు. అక్కడ పెద్ద ఆసుపత్రులు ఎథిక్స్ సలహాదారుల్ని జీతానికి పెట్టుకుంటాయి, 2018 నుంచి వాళ్లకో సర్టిఫికేషన్ పరీక్ష కూడా ఉంది. అక్కడే స్థిరపడేవాళ్లకు మాస్టర్స్ ఖర్చు తిరిగి రావచ్చు. ఇక్కడికి తిరిగొచ్చే ఉద్దేశం ఉంటే మాత్రం పీహెచ్‌డీ ఇక్కడ చేసి, బయటికి ఫెలోషిప్ మీద కొన్ని నెలలు వెళ్లిరావడం మేలని నా అభిప్రాయం. అప్పు చేసి వెళ్లి, ఇక్కడ నెట్ సబ్జెక్టు లేక ఇరుక్కున్నవాళ్లు నాకు తెలుసు.

చదవడం ఎక్కడ మొదలుపెట్టాలి? చాలామంది సిద్ధాంతాలతో మొదలుపెడతారు. నేనైతే మొదట రెండు పత్రాలు చేతికిస్తాను. ఒకటి 2017 నాటి ఐసీఎంఆర్ జాతీయ నైతిక మార్గదర్శకాలు, రెండోది 2019 నాటి కొత్త మందులు, క్లినికల్ ట్రయల్స్ నిబంధనలు. రెండోదాంట్లో, పరిశోధనలను పరిశీలించి అనుమతి ఇచ్చే ఎథిక్స్ కమిటీ గురించి ఉన్న భాగం మీ కెరీర్‌కు చాలా ముఖ్యం. కమిటీలో కనీసం 7గురు ఉండాలి, సగం మందికి ఆ సంస్థతో సంబంధం ఉండకూడదు, చైర్‌పర్సన్ బయటివారే కావాలి. మీటింగ్ చెల్లడానికి (కోరం) కనీసం 5గురు కావాలి. వాళ్లలో ఒకరు సోషల్ సైంటిస్టో, ఎన్జీవో ప్రతినిధో, ఫిలాసఫరో, ఎథిసిస్టో, అలాంటివారో అయి ఉండాలి. అంటే మనలాంటివాళ్లు రాకపోతే ఆరోజు మీటింగే జరగదు. మెడికల్ కాలేజీలు, పెద్ద ఆసుపత్రులు ఈ ఒక్క సీటు కోసం మనుషుల్ని వెతుక్కుంటుంటాయి.

ఆ సీటుకు ఇలా వెళ్లండి. మనుషుల మీద మందుల పరీక్షలు ఎలా చేయాలో నేర్పే గుడ్ క్లినికల్ ప్రాక్టీస్ ట్రైనింగ్ చేసి సర్టిఫికెట్ తీసుకోండి. మీ ఊరికి దగ్గరలో ఉన్న కమిటీల మెంబర్ సెక్రటరీలకు సీవీతో ఉత్తరం రాయండి. సిట్టింగ్ ఫీజు ఇస్తారు, దానితో ఇల్లు గడవదు. దొరికేది అనుభవం.

మీటింగ్‌లో స్టాటిస్టిక్స్ మీద మాట్లాడబోకండి, దానికి వేరేవాళ్లున్నారు. తెలుగు కన్సెంట్ ఫారం తీసి పైకి చదవండి. ‘15 మి.లీ. రక్తం’ అని ఉంటే ‘మూడు టీస్పూన్లు’ అని కూడా రాయమనండి. రాత్రి పదింటికి కళ్లు తిరిగితే ఏ నంబరుకు ఫోన్ చేయాలో, అవతల ఎత్తేది ఎవరో అడగండి. ఆరోజు కూలి పోతే ఎవరిస్తారు? చదువు రానివాళ్ల పక్కన సాక్షిగా కూర్చునేది ఎవరు, ఆ స్టడీ టీం మనిషేనా? మొదట్లో విసుక్కుంటారు. తర్వాత వాళ్లే ఈ జవాబులు ముందుగా రాసుకుని వస్తారు.

ఒక్క హెచ్చరిక. మెంబరుగా గోప్యత పత్రం మీద సంతకం పెడతారు. ఆ ఫైళ్లలో చూసినవాటితో పేపర్లు రాయకూడదు. పరిశోధనకు బహిరంగంగా ఉన్న పత్రాలు, మీ సొంత ఫీల్డ్‌వర్క్ మాత్రమే వాడుకోండి.

బహిరంగ పత్రాలకు మనకు కొదవలేదు. ఈ రంగంలోకి వచ్చే తెలుగు విద్యార్థి ఎవరైనా ఖమ్మం హెచ్‌పీవీ (గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ రాకుండా వేసే వ్యాక్సిన్) కేసును ఆమూలాగ్రం చదవాలి. 2009లో అప్పటి ఖమ్మం జిల్లాలోని మూడు మండలాల్లో 10–14 ఏళ్ల ఆడపిల్లలు దాదాపు 14,000 మందికి పాత్ అనే అమెరికా సంస్థ, ఐసీఎంఆర్, రాష్ట్ర ప్రభుత్వం కలిసి వ్యాక్సిన్ వేయించాయి. చాలామంది ఆశ్రమ పాఠశాలల గిరిజన పిల్లలు. 2010 మార్చిలో ఢిల్లీకి చెందిన ‘సమ’ మహిళా ఆరోగ్య బృందం భద్రాచలం వచ్చి ఆరా తీసింది, ఏప్రిల్‌లో కేంద్రం ప్రాజెక్టును ఆపేసింది. వ్యాక్సిన్ వేయించుకున్న పిల్లల్లో కొందరు చనిపోయారు, ఆ మరణాలకు వ్యాక్సిన్ బహుశా కారణం కాదని విచారణ కమిటీ చెప్పింది. కానీ పరిశీలించిన 9,543 ఫారాల్లో 2,763 మీద హాస్టల్ వార్డెన్లో హెడ్మాస్టర్లో సంతకం చేశారని, 1,948 మీద వేలిముద్రలున్నాయని బయటపడింది. 2013లో పార్లమెంటరీ స్థాయీ సంఘం దీని మీద నివేదిక ఇచ్చింది.

ఈ కేసు చదివేటప్పుడు వ్యాక్సిన్ మంచిదా చెడ్డదా అన్న వాదనలో చిక్కుకోవద్దు. వ్యాక్సిన్ మంచిదే కావచ్చు, అయినా అంగీకారం తీసుకున్న పద్ధతి తప్పు కావచ్చు. ఈ రెంటినీ విడదీయడం వస్తే సగం శిక్షణ అయినట్టే. ఇక్కడ చేసినట్టు ‘డెమాన్‌స్ట్రేషన్ ప్రాజెక్టు’ అని పేరు పెడితే అది పరిశోధన కాకుండా పోతుందా? తల్లిదండ్రులు దూరాన ఊళ్లో ఉంటే వార్డెన్ గార్డియన్ అవుతారా? సైడ్ ఎఫెక్టులు వస్తే ఎవరు నమోదు చేయాలి? ఒక్కో ప్రశ్న ఒక్కో పేపరు.

పీహెచ్‌డీ టాపిక్ కూడా అంత సన్నగానే ఉండాలి. ‘తెలంగాణలో వైద్య నైతికత’ అని సినాప్సిస్ రాస్తే మంచి గైడ్ వెనక్కి పంపిస్తారు. ప్రభుత్వ అవయవదాన పథకం జీవన్‌దాన్‌లో అవయవదానానికి ఒప్పుకున్న కుటుంబాలతో ఐసీయూ బయట ఎవరు, ఎలా మాట్లాడారు? కోలుకోలేని స్థితి వస్తే ఏ చికిత్స వద్దో ముందే రాసిపెట్టే లివింగ్ విల్‌ను 2018లో సుప్రీంకోర్టు గుర్తించి, 2023లో పద్ధతిని సులువు చేశాక డాక్టర్లు దాని గురించి ఏం చెబుతున్నారు? ఇలాంటివి తీసుకోండి. గైడ్ మీ డిపార్ట్‌మెంట్ మనిషైతే, కో-గైడ్ మెడికల్ కాలేజీ నుంచి ఉండేలా చూసుకోండి. ఆసుపత్రి లోపలికి అడుగుపెట్టనిచ్చేది ఆయనో ఆమో మాత్రమే. ఎథిక్స్ అనుమతి మీకూ కావాలి. ఆశ్రమ పాఠశాలలైతే గిరిజన సంక్షేమ శాఖ అనుమతి అదనం. ఫైలు కదలడానికి నెలలు పడుతుంది, కోర్స్‌వర్క్ జరుగుతుండగానే పెట్టేయండి.

పేపర్లకు 1993లో ముంబైలో మొదలైన ఇండియన్ జర్నల్ ఆఫ్ మెడికల్ ఎథిక్స్ మంచి చోటు. రచయితల దగ్గర డబ్బు తీసుకోరు. మొదట చిన్న వ్యాఖ్యో, కేసు చర్చో పంపండి. రివ్యూయర్లు ఏం అడుగుతారో తెలుస్తుంది. మెయిల్లో ‘డియర్ ప్రొఫెసర్’ అంటూ వారంలో అచ్చేస్తామని డబ్బు అడిగేవాళ్లకు జవాబివ్వకండి.

ఇంటర్వ్యూల్లో ఏదో ఒక ప్యానెల్ “బయోఎథిక్స్ అంటే బాటనీ వైపా అమ్మా?” అని అడుగుతుంది. నన్నూ అడిగారు. చిన్నబుచ్చుకోకుండా, మీ పుట్టింటి సబ్జెక్టులో ఏ సెమిస్టర్ పేపర్లు చెప్పగలరో ముందు చెప్పండి. వాళ్లకు కావాల్సింది అదే. ఆ తర్వాత, పీహెచ్‌డీ విద్యార్థులందరికీ యూజీసీ తప్పనిసరి చేసిన 2 క్రెడిట్ల ‘పరిశోధన, ప్రచురణ నైతికత’ కోర్సు కూడా తీసుకుంటానని చెప్పండి. చాలా చోట్ల అది ఎవరి నెత్తినో పడేస్తారు. సిలబస్‌తో పాటు మీరు తయారుచేసుకున్న లెసన్ ప్లాన్ రెండు కాపీలు ఫైల్లో పెట్టుకుని వెళ్లండి.