కల్పిత లోక నిర్మాణం – ఐదవ పాఠం: గండి దగ్గరి రాయి

నాలుగవ పాఠం పూర్తయ్యేసరికి మీ కల్పిత రాజ్యంలో ఒక పెద్ద చెరువు, దాని కట్ట, తూము, నిండిన నీరు పొర్లిపోయే మత్తడి, కట్ట కింద ఒక ఊరు సిద్ధమయ్యాయి. వానాకాలంలో ఒక రాత్రి ఆ కట్టకు గండి పడి దిగువ వాడ కొట్టుకుపోయిన సన్నివేశాన్ని కూడా మీరు రాసి పెట్టుకున్నారు. ఆ రాత్రి పోయినవారి కోసం ఊరివాళ్ళు నిలబెట్టుకున్న స్మారకాన్ని ఈ పాఠంలో కల్పిద్దాం. ఆ స్మారకంలో మాయ ఉంటుంది. దానిని ఎంత వాడాలి, ఎక్కడ ఆపాలి అన్నదే ఈసారి సాధన చేయవలసిన నేర్పు.

కొత్తగా రాసేవారిలో చాలామంది ఇక్కడ ఒకే దారిలో నడుస్తారు. రాతి స్తంభం ముందు నిలబడి పేరు పిలిస్తే చనిపోయినవారు వెలుగు రూపంలో వచ్చి మాట్లాడతారని రాస్తారు. చదవడానికి అందంగానే ఉంటుంది. కానీ అలా రాసిన మరుక్షణం మీ కథలో ఎవరూ చనిపోనట్టే అవుతుంది, గండి పడిన రాత్రికి బరువు పోతుంది. తల్లి ప్రతి సాయంత్రం స్తంభం దగ్గరికి వెళ్ళి బిడ్డతో మాట్లాడి రాగలిగితే, ఆమెకు కలిగిన నష్టం ఏమిటో పాఠకునికి అర్థం కాదు. స్మారకంలోని మాయ చనిపోయినవారిని తిరిగి తేకూడదు, బతికి ఉన్నవారి నుంచి ఏదో ఒకటి అడగాలి. ఈ పాఠమంతా ఈ ఒక్క సూత్రం మీదనే నడుస్తుంది.

ఇందుకు నమూనాలు మన చుట్టూ ఉన్నాయి. మేడారంలో సమ్మక్క, సారలమ్మలకు విగ్రహాలు లేవు, గద్దెలున్నాయి. రెండేళ్ళకొకసారి మాఘ పున్నమి వేళ సారలమ్మను కన్నెపల్లి నుంచి, సమ్మక్కను చిలకలగుట్ట నుంచి తీసుకొచ్చి గద్దెల మీద నిలుపుతారు, జాతర చివరి రోజున మళ్ళీ అడవికి సాగనంపుతారు. కాకతీయ సైన్యంతో పోరాడారని చెప్పుకునే ఆ తల్లులను తలచుకునే చోట ఏళ్ళ తరబడి కదలకుండా నిలిచే రూపమేదీ లేకపోవడాన్ని ఒకసారి నిదానంగా ఆలోచించండి. జనం వెళ్ళి తెచ్చుకోవాలి, మళ్ళీ పంపుకోవాలి. ఎవరూ వెళ్ళకపోతే గద్దె ఖాళీగానే ఉంటుంది. పక్కనే పారే జంపన్న వాగుకు ఆ పేరే స్మారకం. యుద్ధంలో ఓడి సమ్మక్క కొడుకు జంపన్న అందులో దూకాడని, నీళ్ళు ఎర్రబారాయని చెప్పుకుంటారు. అక్కడ స్నానం చేసే ప్రతి మనిషీ తెలిసో తెలియకో ఆ కథలో మునుగుతాడు.

మాయకు ఒక శరీరం కూడా ఉండాలి. 1213లో రేచర్ల రుద్రుడు కట్టించిన రామప్ప గుడి శిఖరానికి వాడిన ఇటుకలు నీళ్ళలో తేలుతాయి. వినగానే అద్భుతమనిపిస్తుంది. అయితే లోపలంతా సన్నని రంధ్రాలుండి తేలికగా ఉండే ఆ ఇటుకలను పైన పేర్చింది కింది రాతి కట్టడం మీద బరువు తగ్గించడానికి. పునాది కింద ఇసుక నింపింది కట్టడం నేలతో పాటు సర్దుకోవడానికి. ఆశ్చర్యం వెనుక ఒక అవసరం ఉన్నది కనుకనే ఆ ఆశ్చర్యం ఎనిమిది వందల ఏళ్ళుగా నిలిచింది. మీ స్మారకంలోని మాయకు కూడా ఊరివాళ్ళకు ఉన్న ఏదో ఒక అవసరంలోనే పునాది వేయండి.

ఇప్పుడు మన ఊరి స్మారకాన్ని కట్టి చూద్దాం. అవసరం ఏమిటో నాకు దొరికింది మా ఇంట్లోనే. పెత్తరమాస నాడు మా నాయన పెద్దల పేర్ల మీద బియ్యం, కూరగాయలు దానమిస్తూ తండ్రి పేరు, తాత పేరు గబగబా చెప్పి, ముత్తాత పేరు దగ్గర ఆగి గడపలో కూర్చున్న నాయనమ్మ వైపు చూసేవాడు. ఆమె అందించేది. నాయనమ్మ పోయిన తర్వాతి ఏడు నాయన అక్కడే ఆగి, అలవాటుగా గడప వైపు చూశాడు. మనిషి రెండోసారి పోయేది అలాంటి క్షణంలోనే. మన కల్పిత ఊరి భయం కూడా అదే కావాలి: పోయినవారు పోయారు, వాళ్ళను గురించి తెలిసినవాళ్ళు కూడా పోతే ఎలా?

కాబట్టి గండి పూడ్చిన చోట, నీటిలోకి దిగే మెట్ల పక్కన, పాత తూము రాయినే నిలబెట్టారనుకుందాం. ఆ రాత్రి నీళ్ళు ఎంత ఎత్తుకు లేచాయో అంత ఎత్తు వరకు దాని మీద గాట్లున్నాయి, ఒక్కో గాటు ఒక్కో మనిషిది. ప్రతి ఏడూ తొలకరికి ముందు గాట్లు నునుపెక్కి మాయమవుతుంటాయి. ఆ మనిషిని ఎరిగినవారు ఎవరైనా నీళ్ళలో నిలబడి, అంతకు ముందు ఎన్నడూ చెప్పని ఒక సంగతి చెబితేనే గాటు తిరిగి తేలుతుంది. ఇంతవరకు ఇది అందమైన ఆచారం మాత్రమే. దీనికి వెల కట్టాలి. రాయికి చెప్పిన సంగతిని, చెప్పినవారు ఆ క్షణమే మరచిపోతారు.

ఈ ఒక్క నియమంతో ఏమేమి మారుతాయో చూడండి. ఒంటరిగా వచ్చి చెబితే ఆ జ్ఞాపకం రాతికి మాత్రమే మిగులుతుంది, కనుక వినడానికి మరొకరిని వెంట తెచ్చుకోవాలి. ఒకరి దుఃఖాన్ని మరొకరు మోయడం అనే మాటను ఎక్కడా రాయనవసరం లేకుండానే ఊరంతా ఆ పని చేస్తూ కనబడుతుంది. చెప్పడానికి ఒకే ఒక్క సంగతి మిగిలిన ముసలామె ఏం చేస్తుంది? చెప్పి మరచిపోతుందా, దాచుకుని గాటును మాసిపోనిస్తుందా? ఆమె ఒక్కతే చాలు, మీకు ఒక పూర్తి కథ దొరికినట్టే.

దగ్గరగా చూపించవలసిన చోటు ఇదే కనుక, ఒక చిన్న భాగాన్ని రాసి చూపిస్తాను.

"మోకాలి లోతు నీళ్ళలో నిలబడి ఆమె రాతి మీద అరచేయి ఆనించింది. పెదవులు కదిలాయి. రాతి మీద చిన్న గీత చెమ్మలా మెరిసి లోతుగా దిగింది. ఆమె వెనక్కి తిరిగి మెట్ల మీద నిలబడిన పొరుగింటామెను చూసింది. 'నేనేం చెప్పిన అక్కా?' 'మీ తమ్ముడు జొన్నరొట్టె మాడిన అంచు తాను తిని, మెత్తటి నడుమ తుంట దూడకు పెట్టేటోడట.' ఆమె చెంగు పిండుకుంటూ కాసేపు ఆలోచించింది. 'అట్లనా,' అన్నది, 'మంచి పిలగాడే.'"

ఇందులో ఏడుపు అనే మాట లేదు, వెలుగు లేదు, గొంతులు వినిపించలేదు. మాడిన రొట్టె అంచు ఉన్నది. పోయినవారిని గురించి 'చాలా మంచివాడు, అందరికీ సాయం చేసేవాడు' అని రాస్తే రాయి గాటు పెట్టదని మీకు మీరే ఒక కట్టుబాటు విధించుకోండి. ఆ మాటలు ఎవరికైనా సరిపోతాయి కనుక ఎవరివీ కావు.

మరొక ప్రశ్నను దాటవేయకండి: ఆ రాతి మీద ఎవరి గాటు లేదు? కట్ట కింద గుడిసెలు వేసుకుని ఇటుక బట్టీలో పనిచేయడానికి దూరం నుంచి వచ్చిన కుటుంబాలు ఆ రాత్రి ఉండి ఉంటాయి. వాళ్ళ పేర్లు ఊళ్ళో ఎవరికీ తెలియవు. ఇక్కడ మాయతో సమస్యను తీర్చేయాలన్న కోరికను ఆపుకోండి. కట్ట నెమ్ము కారుతున్నదని ముందే చెప్పినా ఎవరూ వినని నీరడి, అంటే చెరువు తూము చూసుకునేవాడు, నీళ్ళలో దిగి, 'మూడో గుడిసె ముందు ఎర్ర రైక ఆరేసి ఉండేది' అని మాత్రమే చెప్పగలడు. దానికి గాటు పడుతుందా లేదా అన్నది మీ కథ తేల్చాలి. నేనైతే సగం గాటు పడనిస్తాను.

ఒక హెచ్చరికను మనసు పెట్టి చదవండి. 2023 జులై 27న మోరంచ వాగు పొంగి భూపాలపల్లి జిల్లాలోని మోరంచపల్లి మునిగినప్పుడు జనం ఇళ్ళ కప్పులెక్కి ప్రాణాలు అరచేత పెట్టుకుని గడిపారు. అటువంటి ఊళ్ళ మీదుగా మీరు ప్రయాణించి ఉంటారు, గోడల మీద బురద చార చూసి ఉంటారు. ఆ చార ఎత్తును, తడిసిన వడ్ల వాసనను మీ లోకంలోకి తీసుకోండి. నిజంగా పోయిన మనిషి పేరునూ, ఇంటి గుర్తులనూ మాత్రం తీసుకోకండి. అవి ఆ ఇంటివాళ్ళవి.

అభ్యాసం: మీ కల్పిత ఊళ్ళో పోయిన ఒక మనిషిని ఎంచుకోండి. ఆ మనిషిని ఎరిగినవారు రాయికి చెప్పగలిగిన సంగతులు పది రాయండి. మొదటి ఆరింటిని కొట్టివేయండి, అవి ఎవరికైనా తోచేవే అయి ఉంటాయి. మిగిలిన నాలుగింటిలో ఒకదానిని, చెప్పినవారు మరచిపోయిన తర్వాతి క్షణం నుంచి మొదలుపెట్టి, వింటున్నవారి వైపు నుంచి ఒక పుట రాయండి. ఆరవ పాఠంలో, కట్ట తెగక ముందు రోజు తూము దగ్గర నిలబడిన నీరడి దగ్గరికి వెళదాం. కాబట్టి అతను ఏ సంగతిని ఇంకా రాయికి చెప్పకుండా దాచుకున్నాడో ఈ పుట కిందనే ఒక వాక్యంలో రాసి ఉంచండి.