పెకావీ: తప్పు ఒప్పుకునే ఈ అరుదైన ఇంగ్లిష్ మాటను ఎలా వాడాలి?

మా మేనల్లుడు హైదరాబాద్‌లో ఒక ఆఫీసులో పని చేస్తాడు. సద్దుల బతుకమ్మకని హన్మకొండ వచ్చాడు. తంగేడు, గునుగు కోసం పొద్దున్నే చెల్లెలితో కలిసి ఊరవతలికి పోయాడు, ఆ పువ్వుల హడావిడిలో ఆ రోజు పంపాల్సిన రిపోర్టు సంగతి మర్చిపోయాడు. రాత్రి గుర్తొచ్చింది. ఉత్త సారీ అంటే చప్పగా ఉంటుందనుకున్నాడో ఏమో, ఫోన్‌లో డిక్షనరీ వెతికి మేనేజర్‌కి మెయిల్ కొట్టాడు: "ఐ పెకావీ, సర్."

తెల్లారి జవాబు వచ్చింది. "పెకావీ ఎవరు? రిపోర్టు ఆయన దగ్గరుందా?"

"మామా, నేనేం తప్పు రాసిన?" అని నా దగ్గరికి వచ్చాడు. రెండు తప్పులు రాశాడు. ఒకటి వ్యాకరణంలో, ఇంకోటి మాటకు తగిన మనిషిని ఎంచుకోవడంలో. అవి మీరు చేయకుండా ఉండాలంటే కింద చెప్పిన వరుసలో పోండి.

ముందు అర్థం పట్టుకోండి

పెకావీ లాటిన్ మాట. "పాపం చేశాను" అని అర్థం, ఇంకొంచెం తేలిక చేస్తే "తప్పు చేశాను". 16వ శతాబ్దం నుంచి ఇంగ్లిష్‌లో వాడుతున్నారు. ఇప్పుడైతే పాత పుస్తకాల్లోనో క్రాస్‌వర్డ్ పజిళ్లలోనో తప్ప పెద్దగా తగలదు.

ఇంతేనా అని ముందుకు పోకండి, అసలు సంగతి ఇక్కడే ఉంది. "క్షమించండి" అన్నప్పుడు మనం ఎదుటివాళ్లను ఒకటి అడుగుతున్నాం. మన్నించు, మాఫ్ చెయ్యి అన్నా అంతే, బంతి వాళ్ల చేతిలో పెడుతున్నాం. పెకావీ ఏమీ అడగదు. చేసింది నేనే అని చెప్పి ఊరుకుంటుంది. మన్నిస్తారా, తిడతారా, అది మీ ఇష్టం.

మన మాటల్లోనే ఈ తేడా చూడొచ్చు. హన్మకొండ చౌరస్తాలో బండి బండికి తగిలితే "గల్తీ అయింది అన్నా" అంటాం. తప్పు దానంతటదే అయినట్టు, మనం పక్కన నిలబడి చూసినట్టు! "తప్పైపోయింది" కూడా ఆ కోవలోదే. "తప్పు నేనే చేసిన" అనడానికి మాత్రం అంత తొందరగా నోరు రాదు. పెకావీ ఈ రెండో రకం మాట.

ఇంగ్లిష్‌లో మిగతా మాటల పుట్టుక చూసినా ఇదే కనిపిస్తుంది. సారీ అనేది నొప్పి అనే అర్థమున్న పాత ఇంగ్లిష్ మాట నుంచి వచ్చింది. అంటే నా మనసు నొచ్చుకుంటోంది అని చెప్పడం. తప్పెవరిదో అందులో లేదు, అందుకే ఎవరింట్లోనైనా మనిషి పోతే కూడా సారీ అనగలుగుతాం. అపాలజీ కథ ఇంకా తమాషా. గ్రీకులో అపలోగియా అంటే కోర్టులో తన తరఫున తాను చెప్పుకునే వాదన. క్రీస్తుపూర్వం 399లో ఏథెన్స్‌లో సోక్రటీస్ మీద విచారణ జరిగినప్పుడు ఆయన చెప్పుకున్న వాదనగా ప్లేటో రాసినదాని పేరు అపాలజీ. చదివితే అందులో సోక్రటీస్ క్షమాపణ ఎక్కడా కనపడదు, పైగా ఎదురు ప్రశ్నలే! ఇప్పటికీ కొందరి అపాలజీల్లో "కానీ" తర్వాతి భాగమే పొడుగ్గా ఉంటుంది, పాత వాసన పోలేదన్నమాట.

రాయడం, పలకడం

స్పెల్లింగు పి, ఇ, రెండు సిలు, ఎ, వి, ఐ. రెండో సి మర్చిపోవడం మామూలే. పలికేటప్పుడు "కా" మీద ఒత్తి పెకావీ అనండి. పాతకాలపు ఇంగ్లిష్ వాళ్లు పికేవై అని కూడా పలికేవాళ్లు, మీకు దాని అవసరం లేదు.

ముందున్న "ఐ" తీసేయండి

మా వాడి మొదటి తప్పు ఇది. తెలుగు వచ్చినవాళ్లకు దీన్ని వివరించడం చాలా తేలిక, ఇంగ్లిష్ ఒక్కటే వచ్చినవాళ్లకే కష్టం. "చేశాను" అనగానే చివరి "ను" నేను అని చెప్పేస్తుంది కదా, విడిగా నేను అనక్కర్లేదు. లాటిన్ పెకావీలో చివరి "ఈ" చేసే పని అదే. క్రియ, కాలం, చేసిన మనిషి, మూడూ ఒక్క మాటలో ఇమిడిపోయాయి. అందుకే "ఐ పెకావీ" అంటే "నేను నేను తప్పు చేశాను" అన్నట్టు అవుతుంది. ఆడవాళ్లన్నా మగవాళ్లన్నా మాట మారదు, మన "చేశాను" లాగే. పదిమంది కలిసి చేసిన తప్పయితే లాటిన్‌లో పెకావిముస్, చేశాం అని. ఇంగ్లిష్‌లో దాన్ని ఎవరూ వాడరు, కాబట్టి అపార్ట్‌మెంట్ కమిటీ తరఫున పెకావీ అని నోటీసు పెట్టకండి.

(మా దిక్కు మాట్లాడేటప్పుడు "నేను చేసిన" అంటాం, ఆ "ను" కూడా వినపడదు. అప్పుడు "నేను" ఉంచుకోక తప్పదు. లాటిన్ ఈ విషయంలో పుస్తకాల తెలుగుకే చుట్టం.)

వాక్యంలో ఎక్కడ పెట్టాలి?

మూడు చోట్ల పెట్టొచ్చు. ఒట్టిగా ఒక కేకలాగా వాడటం అన్నిటికన్నా తేలిక: "పెకావీ! ఐ ఫర్గాట్ యువర్ బుక్ అగైన్." నీ పుస్తకం మళ్లీ మర్చిపోయాను, తప్పు నాదే అని.

నామవాచకంగానూ వాడతారు. "హిజ్ లెటర్ వాజ్ వన్ లాంగ్ పెకావీ" అంటే ఆ ఉత్తరం మొదటి నుంచి చివరిదాకా తప్పు ఒప్పుకోవడమే అని. బహువచనం కావాలంటే పెకావీస్.

నాకు ఎక్కువ నచ్చింది మూడోది: "టు క్రై పెకావీ." ఇక్కడ క్రై అంటే ఏడవడం కాదు, బయటికి గట్టిగా అనడం. దీన్ని తెలుగులో ఎలా చెప్పాలని చాలా రోజులు తన్నుకున్నాను. డిక్షనరీలో "తప్పును అంగీకరించు" అని ఉంటే సరిపోతుంది గానీ అందులో ఉప్పూకారం లేవు. ఒక రోజు వేయిస్తంభాల గుడికి పోయాను. నా ముందు ఒక పెద్దమనిషి కళ్లు మూసుకుని, కుడిచేత్తో ఎడమ చెంప, ఎడమచేత్తో కుడి చెంప టపటపా కొట్టుకుంటున్నాడు. ఏం తప్పు చేశాడో దేవుడికీ ఆయనకే తెలియాలి. వెనక లైన్లో ఉన్న చిన్నపిల్ల కూడా ఆయన్ను చూసి అలాగే కొట్టుకుంది, ఎందుకో దానికీ తెలియదు. అప్పుడు దొరికింది: లెంపలేసుకోవడం! "హి ఫైనలీ క్రైడ్ పెకావీ అండ్ పెయిడ్ ద బిల్." చివరికి లెంపలేసుకుని బిల్లు కట్టాడు. ఇంతకంటే అతికినట్టు ఇంకో మాట కుదరదు. నలుగురు చూస్తుండగా చేయాల్సి రావడం, కొంచెం సిగ్గు, కొంచెం నవ్వు, అన్నీ రెండిట్లోనూ ఉన్నాయి.

ఈ పోలిక ఉత్తగా కుదరలేదనిపిస్తుంది. కాథలిక్ చర్చిల్లో 1960ల దాకా పూజ లాటిన్‌లో జరిగేది. అందులో తప్పులు ఒప్పుకునే ప్రార్థన ఒకటి ఉంది. "పెకావీ" అనే మాట వస్తుంది, ఆ వెంటనే "మేయా కుల్పా, మేయా కుల్పా, మేయా మాక్సిమా కుల్పా" అంటూ మూడుసార్లు గుండె మీద కొట్టుకుంటారు. నా తప్పు, నా తప్పు, నా మహా పెద్ద తప్పు అని. ఫాతిమానగర్ చర్చికి చిన్నప్పటి నుంచి పోతున్న పెద్దవాళ్లలో ఎవరికైనా ఆ లాటిన్ ఇంకా చెవిలో ఉండొచ్చు. బైబిల్లో తప్పిపోయిన కొడుకు ఆస్తంతా తగలేసి ఇంటికి తిరిగొచ్చి తండ్రితో అనే మాట కూడా లాటిన్ బైబిల్లో ఇదే, పెకావీ. తెలుగులో "పాపము చేసితిని" అని చదువుకుంటాం. వాళ్లు గుండె మీద, మనం చెంప మీద.

ఈ మాటతో వేసిన జోకు తెలుసుకోండి

ఇది తెలియకుండా పెకావీ వాడితే, తెలిసినవాళ్లు నవ్వుతుంటే మీరు బిక్కమొహం వేయాల్సి వస్తుంది.

1843 ఫిబ్రవరి 17న మియానీ దగ్గర, మార్చిలో హైదరాబాద్ దగ్గర ఇంగ్లిష్ జనరల్ చార్లెస్ నేపియర్ సింధ్‌ను ఏలే అమీర్లను ఓడించాడు. ఇది మన హైదరాబాద్ కాదు, సింధు నది పక్కనున్నది, ఇప్పుడు పాకిస్తాన్‌లో ఉంది. గెలిచాక నేపియర్ పై అధికారులకు ఒకే ఒక్క మాటతో కబురు పంపాడట: పెకావీ. ఇంగ్లిష్‌లో దాని అర్థం "ఐ హ్యావ్ సిన్డ్", పాపం చేశాను. చెవికి మాత్రం "ఐ హ్యావ్ సింద్", సింధ్ నా చేతికొచ్చింది అన్నట్టు వినపడుతుంది. ఒక్క మాటలో గెలుపూ ఒప్పుకోలూ రెండూ!

కథ బాగుంది గానీ నేపియర్ ఆ కబురు పంపలేదు. ఆ మాట క్యాథరిన్ వింక్‌వర్త్ అనే పదహారేళ్ల అమ్మాయిది. నేపియర్ ఇలా కబురు పెట్టాల్సింది అని ఆమె ఊహించి లండన్‌లోని పంచ్ అనే హాస్య పత్రికకు పంపింది. వాళ్లు 1844 మే 18 సంచికలో వేశారు. చదివినవాళ్లు నిజమనుకున్నారు. అక్కడి నుంచి చరిత్ర పుస్తకాల్లోకి ఎక్కి, వందేళ్లకు పైగా నేపియర్ ఖాతాలోనే ఉండిపోయింది. ఆ అమ్మాయి తర్వాత జర్మన్ క్రైస్తవ కీర్తనలను ఇంగ్లిష్‌లోకి అనువదించి పేరు తెచ్చుకుంది.

నేపియర్ నిజంగా రాసుకున్నది ఇంకోటి ఉంది. సింధ్‌ను లాక్కునే హక్కు మనకు లేదు, అయినా లాక్కుంటాం అని, యుద్ధానికి ముందే డైరీలో. అంటే తప్పని తెలుసు. పైకి అననే లేదు. ఆయన అనాల్సిన మాటను ఎక్కడో ఇంగ్లండ్‌లో కూర్చున్న పిల్ల అన్నది. నాకైతే జోకు కంటే ఇదే ఎక్కువ గుచ్చుకుంటుంది.

తర్వాత 1856లో గవర్నర్ జనరల్ డల్హౌసీ అవధ్‌ను (ఇంగ్లిష్ వాళ్ల నోట ఔధ్) కలిపేసుకున్నప్పుడు అదే పత్రిక "వోవీ" అని ఇంకోటి అల్లింది. ఒట్టు పెట్టాను అని అర్థం, దాన్ని ఇంగ్లిష్‌లో "ఐ హ్యావ్ వౌడ్" అంటే "ఔధ్ నాదే" అన్నట్టు వినిపిస్తుంది. మొదటిదానంత పేలలేదు.

చుట్టాలతో కలిపి గుర్తుపెట్టుకోండి

ఒంటరి మాట తొందరగా జారిపోతుంది. ఇంపెకబుల్ మీకు తెలిసే ఉంటుంది, తప్పు పట్టడానికి వీల్లేనిది అని. అందులో ఉన్న పెక్, పెకావీలో ఉన్న పెక్ ఒకటే. పెకడిల్లో స్పానిష్ మీదుగా వచ్చింది, చిన్న తప్పు అని అర్థం. సంక్రాంతికి అమ్మ దేవుడికి పెట్టకముందే డబ్బాలోంచి రెండు సకినాలు ఎత్తేయడం పెకడిల్లో. పెకరీ మాత్రం చుట్టం కాదు, అది అమెరికా ఖండాల్లో తిరిగే అడవిపందిలాంటి జంతువు.

ఎవరితో అనాలి, ఎవరితో వద్దు?

మావాడి రెండో తప్పు ఇక్కడ. ఈ రోజుల్లో పెకావీకి కొంచెం నవ్వు అంటుకుని ఉంటుంది. చిన్న తప్పుకు, మాట తెలిసిన స్నేహితుడికి, రాతలో అయితే బాగుంటుంది. తీసుకున్న పుస్తకం ఆర్నెల్లు ఉంచుకున్నారా, ఛాయ్‌కి రమ్మని మీరే పోలేదా, క్విజ్‌లో పక్కవాడికి తప్పు జవాబు అందించారా, నిశ్చింతగా అనండి. ఆఫీసు మెయిల్‌లో వద్దు. ఎదుటి మనిషికి నిజంగా నష్టం జరిగినచోట అసలే వద్దు. బండితో గుద్ది, పడ్డ మనిషిని లేపకుండా లాటిన్ మాట్లాడితే ఏమంటారో మీకు తెలుసు. విన్నవాళ్లు డిక్షనరీ తీయాల్సి వస్తే తప్పు వెనక్కి పోయి మన తెలివి ముందుకొస్తుంది, అది ఒప్పుకోలు కాదు.

భయంతో అనే మాటకు కూడా ఇది సాటి రాదు. మా తాతల కాలంలో దొర గడీ ముందు నిలబడి "నీ బాంచెన్, కాల్మొక్త" అన్నవాళ్లు తప్పు చేసి అనలేదు. అనకపోతే బతకనియ్యరని అన్నారు. పెకావీ ఎవరూ మెడ మీద కూర్చోకుండా మన నోటితో మనం అనేది.

ఇక మావాడి సంగతి. ఆ మెయిల్ వెనక్కి తీసుకోవడం కుదరదు కాబట్టి ఇంకోటి రాయించాను. "రిపోర్టు నిన్న పంపాలి. మర్చిపోయాను, తప్పు నాదే. ఇప్పుడు జత చేస్తున్నాను." కరెంటు పోయిందనీ నెట్ లేదనీ కలపబోతే చెయ్యి పట్టుకుని ఆపాను. పావుగంటలో మేనేజర్ నుంచి జవాబు వచ్చింది.

"అందింది. పెకావీ గారికి కూడా బతుకమ్మ శుభాకాంక్షలు చెప్పు."