వానలకు ముందే మేడమీద వాళ్లతో మాట్లాడి పెట్టుకోండి

చెన్నై జాఫర్‌ఖాన్‌పేటలో అడయారు నది ఒడ్డున కింది వాటాలో ఉంటాం. 2015 డిసెంబరు 1న చెంబరంబాక్కం చెరువు నుంచి 29 వేల క్యూసెక్కులు వదిలారు. ఆ రాత్రి ఏరు మా వీధిలోకి వచ్చేసింది. కరెంటు లేదు, ఫోన్లు కలవలేదు. ఎవరు తలుపు తీశారో, ఎవరు తియ్యలేదో వీధిలో ఇప్పటికీ అందరికీ గుర్తే. ఇంట్లో పెళ్లయితే ముందు ఎవరి గుమ్మం ఎక్కాలన్నా అదే లెక్క.

అందుకే కింది వాటాలో కొత్తగా దిగేవాళ్లకు చెప్తున్నాను. ఈశాన్య రుతుపవనాలు అక్టోబరులో మొదలవుతాయి కాబట్టి వినాయక చవితి కాగానే మేడమీద వాళ్ల దగ్గరికి వెళ్లి మాట్లాడండి. చెరువు నీటిమట్టం నిండు మట్టమైన 24 అడుగులకు దగ్గరపడిందని టీవీలో వచ్చాక వెళ్తే వాళ్లకీ టెన్షనే, కాదనలేక ఊ అంటారు.

వాట్సాప్‌లో అడగొద్దు. "అవసరమైతే సాయం చేస్తారా?" అంటే ఎవరైనా చేస్తామనే అంటారు. విడమరిచి అడగండి: మా అత్తగారు మీ హాల్లో పడుకోవచ్చా? సిలిండరు మీ వరండాలో పెట్టుకోవచ్చా? మెట్ల గేటు తాళంచెవి ఒకటి మాకిస్తారా?

ఆ ఏడు మా ఇంటి పత్రాలూ పిల్లల సర్టిఫికెట్లూ తడిసి ముద్దయ్యాయి. మేడమీద మామి తన పాత నూలు చీర పరిచి, ఒక్కో కాగితం విడదీసి ఆరబెట్టారు. ఇప్పుడు ఏటా సెప్టెంబరులో బీరువా కింది అర తనే ఖాళీ చేసి, "ఏమ్మా, పెట్టె ఇంకా తేలేదేం?" అని అడుగుతారు.

వాళ్లకేం కావాలో కూడా అడగండి. వరద నీళ్లు సంపులో కలిస్తే మేడమీదా తాగడానికి చుక్క ఉండదు. వానలు ముదరకముందే మా అబ్బాయి వాటర్ క్యాన్లు పైకి మోసి పెడతాడు.

ఆ రాత్రి తలుపు తియ్యనివాళ్లు పక్కింట్లోనే ఉంటే వాళ్లనీ అడగండి, పాత సంగతి మాత్రం ఎత్తకండి. నాకు ఆ గుమ్మం ముందు ఇప్పటికీ మాట పెగలదు. అందుకని చిన్నదే అడిగాను: కరెంటు పోతే మీ ఇన్వర్టరుకు మా ఫోన్లు పెట్టుకోనిస్తారా అని. 2023 డిసెంబరులో మిచాంగ్ తుపానప్పుడు ఆ ఇంటి అబ్బాయే వచ్చి ఫోన్లు పట్టుకెళ్లాడు.

మేడమీద అద్దెవాళ్లు మారితే ఇవన్నీ మళ్లీ మొదటినుంచి మాట్లాడుకోవాలి. తాళంచెవి సంగతి ఇంటి ఓనరు చెవిన కూడా వేసి ఉంచండి.